మాహిష్మతికి ఒక క్యాలెండర్ కడదాం

ఉగాది దగ్గర పడితే చాలు, మన క్లాసుల్లో ఒక ప్రశ్న తప్పకుండా వస్తుంది. "టీచర్, మా అమ్మమ్మ వాళ్లకి ఉగాది రేపట, మనకి ఇవాళట. ఎవరిది కరెక్ట్?" "అక్కడ అంతే, ఇక్కడ ఇంతే" అని దాటేశామనుకోండి, మన పంచాంగం లెక్క సరిగ్గా ఉండదేమో అనే అనుమానం పిల్లల మనసులో ఉండిపోతుంది. లెక్క సరిగ్గానే ఉంది. చెప్పే పద్ధతే మనం మార్చుకోవాలి.

చైత్రం, వైశాఖం అని 12 పేర్లు బట్టీ పట్టించే బదులు, పిల్లల చేతే ఒక క్యాలెండర్ కట్టించండి. "బాహుబలి" సినిమా చూసిన పిల్లలకి మాహిష్మతి రాజ్యం తెలుసు. ఆ సినిమాలో కాలకేయుల కోసం కిలికి అనే భాషనే కొత్తగా పుట్టించారు. ఆ రాజ్యానికి క్యాలెండర్ మన పిల్లలు పుట్టిస్తారు. ఎనిమిదేళ్లు దాటిన పిల్లలకి రెండు క్లాసులు చాలు.

మొదటి మెట్టు: మిగిలిన 11 రోజులు

బోర్డు మీద రెండే అంకెలు రాయండి. సూర్యుడి లెక్కలో ఏడాదికి సుమారు 365 రోజులు. అమావాస్య నుంచి అమావాస్యకి సుమారు 29½ రోజులు. 12 చంద్రుడి నెలలు కలిపితే ఎంత? 354. మరి మిగిలిన 11 రోజుల్ని ఏం చేద్దాం? ఇక్కడ మీరు కాసేపు మాట్లాడకండి. మూడు రకాల జవాబులు రావచ్చు, మూడూ సరైనవే.

"వదిలేద్దాం" అంటే అది హిజ్రీ క్యాలెండర్ దారి. అందుకే రంజాన్ నెల ఏటా సుమారు 11 రోజులు ముందుగా వస్తూ, అన్ని రుతువుల్నీ చుట్టివస్తుంది.

"చంద్రుణ్ణి పక్కన పెట్టి నెలకి 30 రోజులు చేద్దాం, మిగిలినవి పండగ రోజులు" అంటే రచయిత టోల్కీన్ తన కథల్లో హాబిట్లకి కట్టిన క్యాలెండర్ ఇలాంటిదే. అందులో 12 నెలలకీ 30 రోజుల చొప్పున, మిగతా 5 రోజులు ఏ నెలలోనూ చేరవు.

"దాచిపెట్టి, ఒక నెల పోగయ్యాక కలుపుదాం" అంటే అది మన దారి. సుమారు 32, 33 నెలలకోసారి అధికమాసం వస్తుంది. సూర్యుడు రాశి మారని చాంద్రమాసమే అధికమాసం. 2023లో అధిక శ్రావణం వచ్చింది, 2026లో అధిక జ్యేష్ఠం. ఈ సర్దుబాటు వల్లే దీపావళి అక్టోబరు, నవంబరు దాటి పోదు. సంక్రాంతిది పూర్తిగా సూర్యుడి లెక్క, కాబట్టి అది జనవరి 14, 15 తేదీల్లోనే ఉంటుంది.

రెండో మెట్టు: నెలలకి పేర్లు

మాహిష్మతి నెలలకి పిల్లలు ఏ పేర్లు పెట్టినా, "ఎందుకు?" అని అడగండి. మన పేర్లకీ కారణం ఉంది. పౌర్ణమి నాటి చంద్రుడు చిత్త నక్షత్రం దగ్గర ఉంటే చైత్రం, విశాఖ దగ్గర ఉంటే వైశాఖం, కృత్తిక దగ్గర ఉంటే కార్తీకం. అంటే నెల పేరు ఆకాశంలోనే కనిపిస్తుంది.

మూడో మెట్టు: రోజు ఎప్పుడు మొదలు?

అర్ధరాత్రా, సూర్యాస్తమయమా, సూర్యోదయమా? ఓటు పెట్టండి. మన పంచాంగంలో రోజు సూర్యోదయంతో మొదలవుతుంది. చంద్రుడు సూర్యుడికి 12 డిగ్రీలు దూరం జరగడానికి పట్టే సమయం ఒక తిథి. తిథి మారే క్షణం లోకమంతటికీ ఒక్కటే, సూర్యోదయం మాత్రం ఏ ఊరికి ఆ ఊరిదే. చైత్రమాసపు పాడ్యమి సూర్యోదయానికి ఏ రోజున ఉంటే ఆ రోజు ఉగాది.

ఇప్పుడు పిల్లల ప్రశ్నకి జవాబు చెప్పొచ్చు. 2025లో అమావాస్య ముగిసింది మన గడియారంలో మార్చి 29, శనివారం ఉదయం 6:58కి. మోరిస్‌విల్‌లో ఆ రోజు సూర్యోదయం సుమారు 7:06కి. అంటే సూర్యుడు వచ్చేసరికి పాడ్యమి వచ్చేసింది, కాబట్టి ఈ లెక్కన మనకి ఉగాది శనివారమే. అదే క్షణంలో హైదరాబాదులో శనివారం సాయంత్రం 4:28 అయింది. అక్కడ పాడ్యమి చూసిన సూర్యోదయం ఆదివారం, 30వ తేదీది. అమ్మమ్మదీ కరెక్టే, మనదీ కరెక్టే.

ప్రతి ఏడూ ఈ తేడా రాదు. 2024లో రెండు చోట్లా ఏప్రిల్ 9నే ఉగాది. అందుకని తేదీ చెప్పేముందు మన ఊరి సూర్యోదయానికి లెక్కకట్టిన పంచాంగమే చూడండి. సంఘాల ఉగాది వేడుకలు హాలు దొరికిన వారాంతంలో జరుగుతాయి, అది వేరే సంగతని కూడా పిల్లలకి చెప్పండి.

నాలుగో మెట్టు: ఏడాదికి అంకెా, పేరా?

మనకి ప్రభవ నుంచి అక్షయ దాకా 60 పేర్లున్నాయి. 60 ఏళ్లకి అదే పేరు తిరిగొస్తుంది, షష్టిపూర్తి చేసుకునేది అందుకే. 2015 ఉగాదితో మొదలైనది మన్మథ. 1955లో మొదలైనదీ మన్మథే. అంటే ఆ ఏడాది పుట్టిన తాతయ్యకీ, 2015లో పుట్టిన మనవడికీ ఏడాది పేరు ఒకటే. అయితే జనవరిలోనో ఫిబ్రవరిలోనో పుట్టినవాళ్లు ఇంకా ఉగాది రాలేదు కాబట్టి ముందు ఏడాది పేరు కిందకి వస్తారని గుర్తుపెట్టుకోండి.

తల్లిదండ్రులకి ఒక మాట

ఈ పాఠానికి హోంవర్క్ ఒక ఫోన్ కాల్. "నువ్వు ఏ సంవత్సరంలో, ఏ మాసంలో, ఏ తిథినాడు పుట్టావు?" అని పిల్లలు తాతయ్యనో నానమ్మనో అడిగి రాసుకురావాలి. ఆ తరంలో చాలామందికి స్కూల్లో చేర్చేటప్పుడు అయ్యవారు వేసిన పుట్టినతేదీయే కాగితాల్లో ఉండిపోయింది. అసలు రోజు "ఫలానా ఏడాది, మాఘమాసం, దశమి" అంటూ నోటిమాటగానే ఉంది. అడిగేవాళ్లు లేకపోతే ఆ మాట అక్కడితో ఆగిపోతుంది. మీరు పక్కన కూర్చుని ఫోన్ కలపండి, అడగడం మాత్రం పిల్లలకే వదిలేయండి.