మొండితోక పిల్లి కేకలు

శీతకాలము ముగియవచ్చిన దినములు. అమెరికా సంయుక్త రాష్ట్రములలో అడవి యంచున ఒక చిన్న గ్రామము. అర్ధరాత్రి దాటినది. నేలపై మంచు పేరుకొని యున్నది. గాలియైనను కదలుట లేదు. అట్టి సమయమున చెట్ల నడుమనుండి హఠాత్తుగా ఒక కేక వెలువడును. ఎవరో స్త్రీ ప్రాణభయముతో అరచినట్లు అది చీకటిని చీల్చుకొని వచ్చును. కొంతసేపు నిశ్శబ్దము. మరల కేక. ఈసారి అది పసిబిడ్డ యేడ్పువలె దీర్ఘముగా సాగి, గుర్రుమను ధ్వనితో అంతమగును. ఇండ్లలో నిద్రించువారు ఉలికిపడి లేతురు. దీపములు వెలుగును. అడవిలో ఎవరికో ఆపద కలిగినదని కొందరు తలతురు. ఏదో క్రూరమృగము తమ మీదికి వచ్చుచున్నదని మరికొందరు భయపడుదురు.

నిజమునకు అచట ఎవరికిని ఆపద లేదు. ఆ కేక వేసినది బాబ్‌క్యాట్ అను ఒక అడవిపిల్లి. అది ఎవరినో బెదరించుటకు అరవలేదు. తన జతను వెదకికొనుచున్నది. గ్రామస్థులు దాని ధ్వనిని వినిరి గాని, దాని భావమును గ్రహింపలేదు. వారి భయమంతయు ఆ యెడమునుండి పుట్టినదే.

ఇంగ్లీషున 'బాబ్' అను మాటకు కురచగా కత్తిరించుట యని అర్థము. 'క్యాట్' అనగా పిల్లి. ఈ జంతువు తోక ఎవరో కోసివేసినట్లు పొట్టిగా నుండుటచేత దీనికి ఆ పేరు వచ్చినది. తెలుగున దీనిని మొండితోక పిల్లి యనవచ్చును. ఇది ఉత్తర అమెరికా ఖండమునకు చెందిన ప్రాణి. కెనడా దేశపు దక్షిణ భాగము మొదలుకొని మెక్సికో వరకు ఇది వ్యాపించి యున్నది. దట్టమైన అడవులు, రాతి కొండలు, చిత్తడి నేలలు, ఎడారులు—ఇన్నింటియందును ఇది జీవింపగలదు. 1777వ సంవత్సరమున ష్రేబర్ అను జర్మను ప్రకృతి శాస్త్రజ్ఞుడు దీనిని శాస్త్రరీత్యా వర్ణించి, నామకరణము చేసెను.

మొండితోక పిల్లి ఇంటిపిల్లికి సుమారు రెట్టింపు పరిమాణము గలది. సగటున మగది సుమారు 10 కిలోగ్రాములును, ఆడుది సుమారు 7 కిలోగ్రాములును తూగును. గోధుమవన్నె బొచ్చుపై నల్లని మచ్చలు, బుగ్గలపై గడ్డమువలె వ్రేలాడు వెండ్రుకలు, చెవుల కొనలయందు చిన్న నల్లని కుచ్చులు—ఇవి దాని గుర్తులు. కుందేళ్ళు, ఎలుకలు, ఉడుతలు, పక్షులు దాని ఆహారము. అప్పుడప్పుడు అది జింకను సైతము పడగొట్టగలదు.

ఇంత భీకరముగా అరవగల జంతువు నిత్యము అరచుచునే యుండునని ఎవరైనను అనుకొందురు. అది పొరపాటు. మొండితోక పిల్లి ఏడాదిలో అధికభాగము మౌనముగా గడుపును. అడవి సమీపమున ఏండ్ల తరబడి నివసించినవారు కూడ దాని గొంతును వినకపోవచ్చును.

ఈ మౌనమునకు కారణములు రెండు. మొదటిది దాని వేట. అది తోడేళ్ళవలె గుంపుకట్టి తరిమి వేటాడదు. తెల్లవారుజామునను, సందె చీకటిలోను ఒంటరిగా బయలుదేరి, పొదల మాటున పొంచియుండి, అడుగుల సవ్వడి వినబడకుండ సమీపించి, ఒక్క దూకున ఎరను పట్టును. కుందేలు చెవులు ఎంత నిశితమైనవో అందరును ఎరుగుదురు. చిన్న చప్పుడైనను నాటి భోజనము పరుగెత్తి పోవును. రెండవ కారణము దాని ఏకాంత జీవనము. ఒక్కొక్క పిల్లికి అనేక చదరపు కిలోమీటర్ల తావు ఉండును. తన తావు హద్దులను తెలుపుటకు అది మూత్రమును చిమ్మును. నేలను గోళ్ళతో గీరి గుర్తులు పెట్టును. తరువాత వచ్చిన మరియొక పిల్లి ఆ వాసనను చూచి, ఇచట వేరొకరు కలరని తెలిసికొని తప్పుకొనును. నోటిమాట గాలిలో కలిసిపోవును. వాసన దినముల తరబడి నిలుచును. కావున దానికి నోరు విప్పవలసిన అవసరమే అరుదు. విప్పినదనిన, అందుకు తగిన కారణము ఉండి తీరును.

దాని ధ్వనులలో మొదటివి తల్లీబిడ్డల నడుమ పుట్టునవి. వసంత ఋతువున ఆడుపిల్లి రాతిసందులోనో, బోలుపడిన చెట్టు మొదటనో, కూలిన దుంగల క్రిందనో పిల్లలను పెట్టును. సాధారణముగా ఒక్కొక్క ఈతకు రెండు మొదలు నాలుగు పిల్లలు పుట్టును. సుమారు పదిదినముల వరకు వాటికి కన్నులు తెరువబడవు. అంతవరకు లోకమును వాటికి తెలుపునవి స్పర్శయు, వాసనయు, ధ్వనియు మాత్రమే. ఆకలియైనను, చలివేసినను, తల్లి ఒడినుండి దొర్లిపోయినను అవి సన్నని గొంతుతో మ్యావుమనును. తల్లి ఆ పిలుపు విని దగ్గరకు తీసికొనును. పాలు త్రాగునప్పుడు గురగురమను మెల్లని ధ్వని వినవచ్చును. 'అంతయు క్షేమము, కదలవలసిన పని లేదు' అని దాని భావము. ఈ ధ్వనులు రెండును ఇంటిపిల్లికిని, మొండితోక పిల్లికిని సమానమే.

రెండవ తరగతివి హెచ్చరికలు. తప్పించుకొను త్రోవ లేక చిక్కుకొనినపుడును, పిల్లలున్న చోటికి ఇతర జంతువు వచ్చినపుడును మొండితోక పిల్లి చెవులను వెనుకకు వాల్చి, కోరలు చూపి, పామువలె బుసకొట్టును. గొంతు లోతునుండి గుర్రుమనును. ఒక్కొక్కప్పుడు ఉమ్మివేసినట్లు తటాలున ధ్వని చేయును. చూచువారు అది మీద పడనున్నదని తలతురు. కాని ఆ ధ్వనుల భావము వేరు. 'అచటనే నిలువుము, దగ్గరకు రావలదు' అని అది చెప్పుచున్నది. పోరాడుటకు నిశ్చయించిన జంతువు ముందుగా చాటి చెప్పదు. పోరును తప్పించుకొనగోరు జంతువే ఇట్లు హెచ్చరించును. ఇందుకు బలమైన కారణము కలదు. ఒంటరిగా వేటాడు జంతువునకు కాలు విరిగినను, కన్ను పోయినను తిండి తెచ్చిపెట్టువారు లేరు. చిన్న గాయము కూడ ఆకలిచావునకు దారితీయవచ్చును. కావున బుసకొట్టుట దానికి యుద్ధభేరి కాదు, సంధి ప్రయత్నము.

మూడవది అందరిని భయపెట్టు ఆ అర్ధరాత్రి కేక. మొండితోక పిల్లులు శీతకాలపు చివరి నెలలలో, ముఖ్యముగా ఫిబ్రవరి, మార్చి మాసములలో జతకూడును. ఏడాది పొడవునను వేరువేరుగా తిరుగు ప్రాణులు విశాలమైన అడవిలో ఒకదానినొకటి కలిసికొనుట యెట్లు? వాసన గుర్తులు కొంత తోడ్పడును. కాని దూరమునుండి పిలుచుటకు గొంతు కావలెను. అందుచేతనే నిత్యమౌని యగు ఈ జంతువు ఆ కొద్ది దినములు గొంతెత్తి అరచును. జత కలిసిన పిమ్మటను కేకలు, మూలుగులు, గుర్రుమనుటలు కలగలిసి చాలసేపు వినవచ్చును. ఊరి గోడలమీద ఇంటిపిల్లులు రాత్రివేళ అరచుకొనుట విననివారు ఉండరు. అదియు పసిబిడ్డల యేడ్పువలెనే యుండును. మొండితోక పిల్లి కేక ఆ జాతిదే. గొంతు మాత్రము పెద్దది.

ఆ కేక మనుష్యుని గుండెను ఏల కదలించును? బిడ్డ యేడ్పు విని నిద్రనుండి లేచుట, స్త్రీ ఆర్తనాదము విని పరుగెత్తుట మానవ స్వభావము. ఆ ధ్వనులను పోలినది ఏది విననైనను అతని మనస్సు ముందుగా ఉలికిపడును. ఆలోచన తరువాత వచ్చును.

ఇంత గొంతు గల ఈ పిల్లి పెద్దపులివలె గాండ్రింపలేదు. సింహము, పెద్దపులి, చిరుతపులి గర్జింపగలవు. ఇంటిపిల్లి, మొండితోక పిల్లి మొదలగు చిన్నజాతులు గురగురమనగలవు. ఈ భేదమునకు కారణమేమని శాస్త్రజ్ఞులు చిరకాలముగా వెదకుచున్నారు. నాలుక మొదట గొంతును పట్టియుంచు చిన్న ఎముకల వరుస ఒకటి కలదు. చిన్న పిల్లులలో అది పూర్తిగా ఎముకయే. సింహము మొదలగువానిలో అందు కొంత భాగము సాగెడి నరమువంటి బంధనము. 19వ శతాబ్దమున రిచర్డ్ ఓవెన్ అను ఆంగ్ల శాస్త్రజ్ఞుడు ఈ భేదమును గమనించెను. గర్జనకు అదియే కారణమని పలువురు తలచిరి. కాని మంచుచిరుతకు అట్టి బంధనము ఉన్నను అది గర్జింపదు. అందుచేత స్వరపేటికలోని స్వరతంత్రుల ఆకారము, పరిమాణము ముఖ్యమని తరువాతివారు నిర్ణయించిరి. 2023లో ఆస్ట్రియా దేశపు వియన్నా నగర శాస్త్రజ్ఞులు, రోగములచే మరణించిన ఇంటిపిల్లుల స్వరపేటికలలోనికి గాలిని పంపి పరీక్షించిరి. కండరముల కదలిక లేకయే ఆ పేటికలు గురగుర ధ్వనిని పోలిన మందమైన కంపనములను పుట్టించెను. స్వరతంత్రులలోని మెత్తని దిండ్లవంటి భాగములు ఇందుకు తోడ్పడుచున్నవని వారు భావించిరి. నిత్యము ఒడిలో కూర్చుండు పిల్లి ధ్వనియందు సైతము తెలిసికొనవలసినది ఇంకను కలదని దీనివలన స్పష్టమగుచున్నది.

చీకటిలో చెవి ఒక్కటియే సాక్షి. ఒంటరి సాక్షి పొరబడుట సహజము. అమెరికా అడవులలో ఎఱ్ఱనక్క కూడ శీతకాలమున కీచుగొంతుతో అరచును. ఒక జాతి గుడ్లగూబ ధ్వనియు ఆర్తనాదమును పోలియుండును. వీనిలో ఏది అరచినను జనులు మొండితోక పిల్లియే యని తీర్మానించుట కలదు. వివేకవంతులు తెల్లవారినపిమ్మట మంచుపై అడుగులను పరిశీలింతురు. నక్క అడుగులో గోళ్ళ గుర్తులు కనబడును. పిల్లి నడచునపుడు గోళ్ళను లోనికి ముడుచుకొనును గనుక దాని అడుగులో సాధారణముగా ఆ గుర్తులుండవు. రాత్రి చెవి చెప్పినదానిని పగలు కన్ను సరిచూచును.

ఈ ధ్వనుల భావము తెలియకపోవుటవలన నష్టపడునది మనుష్యుడు కాదు, ఆ మూగజీవియే. వసంతకాలమున అడవిలో నడచుచున్న బాటసారికి పొదలోనుండి సన్నని మ్యావు వినబడును. తొంగిచూడగా మచ్చల పిల్లపిల్లి ఒంటరిగా కనిపించును. తల్లి లేని అనాథయని జాలిపడి అతడు దానిని ఇంటికి తీసికొనిపోవును. కాని తల్లి చావలేదు, వేటకు పోయినది. అది ఆహారముతో తిరిగివచ్చి చూచునప్పటికి బిడ్డ లేదు. ఆ పిల్లకు కలుగు నష్టము ఇంకను పెద్దది. అది ఇంచుమించు మరుసటి శీతకాలము వరకు తల్లి వెంట తిరిగి వేటను అభ్యసింపవలెను. మనుష్యుడు దానికి పాలు పోయగలడు గాని, కుందేలును పట్టు విద్యను నేర్పలేడు. అందుచేతనే పిల్లలు కనబడినచో తాకక దూరముగా తొలగిపోవలెననియు, తల్లి చచ్చినదని నిశ్చయముగా తెలిసినచో వన్యప్రాణుల అధికారులకు తెలుపవలెననియు అచటి ప్రభుత్వ శాఖలు ప్రజలను హెచ్చరించుచున్నవి.

పూర్వము జనులు ఈ పిల్లిని కోళ్ళకును, గొఱ్ఱెలకును శత్రువని తలచి విచ్చలవిడిగా చంపిరి. చంపినవారికి బహుమానములిచ్చిన రాష్ట్రములును కలవు. అడవులను నరకుటయు దానికి తోడయ్యెను. న్యూజెర్సీ రాష్ట్రమున 1970 తరువాతి తొలి సంవత్సరములనాటికి ఈ జంతువు ఇంచుమించు కానరాకుండ పోయినది. అప్పుడు అచటివారు తమ పొరపాటును గుర్తించిరి. 1978 మొదలు 1982 వరకు మెయిన్ రాష్ట్రమున పట్టిన 24 మొండితోక పిల్లులను తెచ్చి ఉత్తర న్యూజెర్సీ అడవులలో విడిచిరి. అవి అచట నిలదొక్కుకొని సంతానమును పొందినవి. ఒకప్పుడు వినవలదని కోరుకొనిన గొంతునే మనుష్యులు శ్రమపడి మరల అడవికి తెచ్చుకొనవలసివచ్చెను.

ఇక అడవి యంచునున్న ఆ గ్రామమున మరల కేక వినబడినచో, తెలిసినవారు ఏమి చేయుదురు? ఒక క్షణము వారికిని గుండె దడదడలాడును. పిమ్మట ఇది ఫిబ్రవరి మాసమని జ్ఞప్తికి తెచ్చుకొందురు. భయపడిన పిల్లలకు ఆ కేక యెవరిదో, ఏల వేయుచున్నదో చెప్పుదురు. రెండు నెలల పిమ్మట ఏ రాతిసందులోనో కన్నులు తెరువని పిల్లలు పుట్టుననియు, అప్పుడు ఆ వైపునకు పోరాదనియు బోధింతురు. దీపము ఆర్పి మరల నిద్రింతురు. ధ్వనిని వినుట చెవి పని. భావమును గ్రహించుట బుద్ధి పని. రెండవది జరిగినచోట మొదటిదానివలన కలుగు భయము నిలువదు.