ఆట తీసేశాక ఇంకా ఎంత మిగులుతుంది?

2020 సెప్టెంబర్ 1న తెలంగాణలో ప్రభుత్వ బడి పిల్లలకు దూరదర్శన్ యాదగిరి, టీ-శాట్ చానెళ్ల ద్వారా డిజిటల్ పాఠాలు మొదలయ్యాయి. టీవీ కుదరని ఇళ్లలో పాఠం కోసమని ఫోన్ పిల్లల చేతికి వచ్చింది. మర్నాడే, సెప్టెంబర్ 2న, కేంద్ర ప్రభుత్వం 118 యాప్‌లను నిషేధించింది. వాటిలో పబ్జీ మొబైల్ ఒకటి. మన దేశంలో అప్పటికి ఆ ఆట డౌన్‌లోడ్లు 17.5 కోట్ల దాకా ఉన్నాయని సెన్సర్ టవర్ సంస్థ అంచనా.

జగిత్యాలకు ఆ ఆట పేరు అంతకు ఏడాదిన్నర ముందే భయం పుట్టించింది. ఇక్కడి 20 ఏళ్ల యువకుడు వారాల తరబడి పబ్జీ ఆడి, మెడనొప్పి ముదిరి, హైదరాబాద్ ఆస్పత్రిలో చనిపోయాడని 2019 మార్చిలో దేశమంతటా పత్రికలు రాశాయి. అలాంటి వార్త చదివిన తల్లీతండ్రీ ముందుగా చేసే పని ఒకటే. పిల్లాడి చేతిలోంచి ఫోన్ లాక్కుని, ఐకాన్ మీద వేలు అదిమిపట్టి, అన్‌ఇన్‌స్టాల్ నొక్కుతారు. రెండు మూడు జీబీల జాగా ఖాళీ అవుతుంది. పీడ వదిలిందనుకుంటారు. వారం తిరక్కుండా అదే ఆట, అదే పేరు, అదే లెవల్‌తో ఫోన్లో ప్రత్యక్షమవుతుంది. పిల్లాడు మాయ చేసిందేమీ లేదు. ఆట యాప్‌లో ఉందని పెద్దలు అనుకున్నారు. అది ఖాతాలో ఉంది.

ప్రభుత్వ నిషేధానికే ఈ సంగతి అడ్డొచ్చింది. సెప్టెంబర్ 2న నిషేధం పడ్డాక రెండు రోజుల్లో పబ్జీ ప్లే స్టోర్ నుంచి పోయింది. కానీ అప్పటికే ఫోన్లో ఉన్నవాళ్లు ఆడుతూనే ఉన్నారు. కంపెనీ తన సర్వర్లను భారత్‌కు మూసింది అక్టోబర్ 30న, అంటే 58 రోజుల తర్వాత. అక్కడితో కథ ముగియలేదు. 2021 జూలై 2న క్రాఫ్టన్ కంపెనీ అదే ఆటను బీజీఎంఐ పేరుతో ఆండ్రాయిడ్ ఫోన్లకు తెచ్చింది. సర్వర్లు మూతపడి అప్పటికి 245 రోజులు. ఫేస్‌బుక్, ట్విట్టర్ ఖాతాలతో ఆడినవాళ్లను ‘పాత డేటా తెచ్చుకుంటారా?’ అని కొత్త ఆట అడిగింది. అవునన్నవాళ్లకు పాత తుపాకీ రంగులు, బట్టలు, ర్యాంకు గుర్తులు అన్నీ తిరిగొచ్చాయి. ఆ వెసులుబాటు 2021 డిసెంబర్ 31 దాకా కొనసాగింది. ఫోన్ మారినా, యాప్ పోయినా, ఏకంగా దేశమే నిషేధించినా ఆటగాడి చరిత్ర మాత్రం ఎక్కడో సర్వర్లో పదిలంగా ఉంది.

అందుకే తుడిచేయాలనుకునేవాళ్లు జీబీల వైపు చూడకూడదు. చూడాల్సింది కేబీల వైపు.

దీనికి పాత రోజుల ఉదాహరణ ఒకటి తీసుకుందాం. 2000ల దశకంలో కరీంనగర్ జిల్లా నెట్ సెంటర్లలో పెరిగినవాళ్లకు జీటీఏ వైస్ సిటీ గురించి చెప్పక్కర్లేదు. జగిత్యాల, సిరిసిల్ల అప్పటికింకా వేరే జిల్లాలు కాలేదు, అవి ఏర్పడింది 2016 అక్టోబర్ 11న. కంప్యూటర్‌లో ఆ ఆటకు కనీసం 915 ఎంబీ జాగా కావాలి. ఆటగాడు ఎంతదాకా వచ్చాడు, ఎన్ని డాలర్లు కూడబెట్టాడు, ఏ ఇల్లు కొన్నాడు అనేదంతా దాచుకునే ఫైలు మాత్రం సుమారు 200 కేబీలే. ఆట మొత్తంలో నాలుగున్నర వేల వంతుల్లో ఒక వంతు కూడా కాదు. ఈ ఫైళ్లు ఆట ఫోల్డర్‌లో ఉండవు. మై డాక్యుమెంట్స్‌లో ‘జీటీఏ వైస్ సిటీ యూజర్ ఫైల్స్’ అని వేరే ఫోల్డర్ ఉంటుంది. అది తెరిస్తే ‘జీటీఏవీసీఎస్ఎఫ్1’ నుంచి ‘జీటీఏవీసీఎస్ఎఫ్8’ దాకా పేర్లు వరసగా కనిపిస్తాయి. మొత్తం 8 గళ్లు, అంతే. కంప్యూటర్‌కు పదిమంది పిల్లలున్నచోట ఒకరి గడి మీద ఇంకొకరు సేవ్ చేయడం, దాని మీద పంచాయితీ పెట్టుకోవడం అప్పట్లో మామూలే. కంట్రోల్ ప్యానెల్‌లోకి పోయి ఆటను తీసేసినా ఈ 8 ఫైళ్లను ఎవరూ ముట్టుకోరు. ఆట మళ్లీ ఎక్కిస్తే ఆపిన మిషన్ దగ్గరే తెరుచుకుంటుంది. మొదటి నుంచి ఆడాలంటే ఆ ఫోల్డర్‌ను చేత్తో తీసేయాల్సిందే.

ఇప్పటి కంప్యూటర్ ఆటలూ ఈ పద్ధతినే పాటిస్తున్నాయి. సేవ్ ఫైళ్లు డాక్యుమెంట్స్‌లోనో, సేవ్డ్ గేమ్స్‌లోనో, కంటికి కనపడకుండా దాచి ఉండే యాప్‌డేటా ఫోల్డర్‌లోనో ఉంటాయి. ఆటలమ్మే ఆన్‌లైన్ దుకాణం స్టీమ్‌లో కొన్న ఆటకైతే ఇంకో ప్రతి స్టీమ్ క్లౌడ్‌లో ఉంటుంది. క్లౌడ్ ఆపకుండా ఇంట్లో ఫైలు తీసేస్తే, తర్వాతిసారి ఆట తెరవగానే అది మళ్లీ దిగొస్తుంది. ముందు ఆ ఆటకు క్లౌడ్ ఆపాలి, తర్వాతే ఫైలు తీసేయాలి.

ఇక ఫోన్. మన ఊళ్లలో సమస్యంతా దీనితోనే.

ఆండ్రాయిడ్ ఫోన్‌లో ఆట నాలుగు చోట్ల ఉండే వీలుంది. ఒకటి యాప్. రెండోది ఆ యాప్ ఫోన్లో రాసుకున్న సమాచారం. ఈ రెండూ అన్‌ఇన్‌స్టాల్‌తో పోతాయి. మూడోది గూగుల్ దగ్గరుండే ప్రతి. నాలుగోది ఆట కంపెనీ సర్వర్లో ఉండే ఖాతా. ఈ రెండింటినీ అన్‌ఇన్‌స్టాల్ తాకనైనా తాకదు.

మూడోదాని గురించి చాలామందికి తెలియదు కాబట్టి కాస్త వివరంగా చూద్దాం. 2015లో వచ్చిన ఆండ్రాయిడ్ 6.0 నుంచి ఫోన్‌కు తనంతట తాను బ్యాకప్ తీసుకునే అలవాటు వచ్చింది. వద్దని చెప్పని ప్రతి యాప్ నుంచి 25 ఎంబీ దాకా సమాచారాన్ని అది గూగుల్ ఖాతాలోకి పంపుతుంది. అందుకు కావాల్సినవి మూడు: వెనకటి బ్యాకప్ అయ్యి 24 గంటలు గడవాలి, ఫోన్ ఊరికే పడి ఉండాలి, వైఫై ఉండాలి. అంటే చాలాసార్లు రాత్రి ఇంట్లోవాళ్లు నిద్రలో ఉండగానే ఈ పని జరిగిపోతుంది. 200 కేబీల సేవ్ ఫైలుకు 25 ఎంబీల జాగా అంటే మహా విశాలం. ఆటను తీసేసి మళ్లీ ప్లే స్టోర్ నుంచి ఎక్కిస్తే, ఆ బ్యాకప్ తిరిగి దిగుతుంది. అదీ ఎప్పుడు? ఎక్కించిన వెంటనే, మీరు ఆటను మొదటిసారి తెరవకముందే.

ఈ చివరి మాటలోనే ఉపాయం ఉంది. ఆటను మళ్లీ ఎక్కించాక వెంటనే తెరవొద్దు. సెట్టింగ్స్‌లో యాప్స్ జాబితాకు పోయి, ఆ ఆటను ఎంచుకుని, స్టోరేజ్ నొక్కండి. అక్కడ రెండు బొత్తాలుంటాయి. ‘క్లియర్ క్యాష్’ నొక్కితే పోయేవి తాత్కాలిక బొమ్మలూ చెత్తా మాత్రమే, సేవ్ అలాగే ఉంటుంది. నొక్కాల్సింది రెండోది, ‘క్లియర్ స్టోరేజ్’. కొన్ని ఫోన్లలో దాన్నే ‘క్లియర్ డేటా’ అంటారు. బ్యాకప్ నుంచి దిగిన పాత సేవ్ అక్కడితో పోతుంది. ఆ తర్వాత ఆట తెరిస్తే లెవల్ 1. తర్వాతి బ్యాకప్‌లో పాతదాని స్థానంలోకి కొత్తది చేరుతుంది.

ఇంత తిప్పలెందుకు, గూగుల్ డ్రైవ్‌లో బ్యాకప్పే తీసేస్తే పోలేదా అంటారు. అలా చేయొద్దనే నా సలహా. అక్కడ ఒక్క ఆటను ఎంచి తీసే వీలు లేదు. తీస్తే మొత్తం ఫోన్ బ్యాకప్ పోతుంది. పైగా ఆ జాబితాలోనే వాట్సాప్ బ్యాకప్ కూడా కనిపిస్తుంది. కోరుట్లలో, జగిత్యాల పల్లెల్లో ఎన్నో ఇళ్లకు గల్ఫ్‌లో ఉన్న మనిషి గొంతు, ఫొటోలు అన్నీ ఆ వాట్సాప్‌లోనే ఉంటాయి. ఒక ఆట కోసం వేలు జారి అవి పోగొట్టుకుంటే తిరిగి రావు.

గూగుల్ దగ్గర ఇంకో అర కూడా ఉంది. ప్లే గేమ్స్ ఖాతాతో ఆడే ఆటలు తమ సేవ్‌ను అందులో పెట్టుకోవచ్చు. ఒక్కో సేవ్‌కు 3 ఎంబీ దాకా జాగా ఇస్తారు. ప్లే గేమ్స్ సెట్టింగ్స్‌లో ఒక్కో ఆట డేటాను విడిగా తీసేసే వీలుంది. ఇక్కడ భయం అక్కర్లేదు, మిగతా వాటికేమీ కాదు. ఐఫోన్ వాడేవాళ్లు ‘ఆఫ్‌లోడ్’తో మోసపోవద్దు. అది యాప్‌ను తీసేసి సేవ్‌ను ఉంచుతుంది. ‘డిలీట్ యాప్’ నొక్కాలి, ఐక్లౌడ్ స్టోరేజ్‌లో ఆ ఆట పేరుంటే అక్కడా తీసేయాలి.

బీజీఎంఐ, ఫ్రీ ఫైర్ మ్యాక్స్ లాంటి ఆన్‌లైన్ ఆటలకు పైన చెప్పినవేవీ చాలవు. వాటి అసలు సేవ్ నాలుగో చోటనే, కంపెనీ సర్వర్లో ఉంటుంది. ఫోన్‌ను ఫ్యాక్టరీ రీసెట్ చేసినా, బావిలో పడేసినా అది చెక్కుచెదరదు. తీయాలంటే ఆటలోకి లాగిన్ అయ్యే తీయాలి. కాబట్టి వరస ముఖ్యం: ముందు ఖాతా, తర్వాత యాప్. యాప్ ముందే తీసేసినవాళ్లు, మనసుకు కష్టంగా ఉన్నా, మళ్లీ ఎక్కించి లాగిన్ కావాల్సి రావచ్చు. ఖాతా తెరిచే వీలున్న ప్రతి యాప్‌లో దాన్ని మూసే వీలు కూడా ఉండాలని ఆపిల్ 2022 జూన్ 30 నుంచి నిబంధన పెట్టింది. గూగుల్ 2023 ఏప్రిల్‌లో అదే చెప్పింది, యాప్ లేకుండా వెబ్‌లో మూసే దారి కూడా ఉండాలంది. ప్లే స్టోర్‌లో ఆట పేజీకి పోయి ‘డేటా సేఫ్టీ’ భాగం తెరిస్తే ఆ దారి దొరకాలి.

మూసెయ్‌మని అడిగిన క్షణంలోనే ఖాతా పోదు. ఎపిక్ గేమ్స్ 14 రోజులు, స్టీమ్ 30 రోజులు, మైక్రోసాఫ్ట్ 30 లేదా 60 రోజులు ఆగుతాయి. ఆలోగా లాగిన్ అయి వద్దంటే ఖాతా మళ్లీ బతుకుతుంది. ఆ గడువు మన మంచికే, కోపంలో చేసిన పనిని దిద్దుకోవచ్చు. పిల్లాడు మానాలనుకుంటున్నప్పుడు మాత్రం ఆ రోజులు గట్టి పరీక్షే. ఆట లేకపోతే తిండి మానేయడం, రాత్రిళ్లు నిద్రపోకపోవడం కనిపిస్తే టెలీ-మానస్ నంబర్ 14416కు ఫోన్ చేయండి. 2022 అక్టోబర్ 10న మొదలైన ఈ ప్రభుత్వ సేవ ఉచితం, తెలుగులో మాట్లాడతారు. ఆట వ్యసనాన్ని ప్రపంచ ఆరోగ్య సంస్థ రోగాల జాబితాలో చేర్చింది, ఆ జాబితా 2022 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. దీన్ని పెంకితనం అని కొట్టిపారేయకూడదు.

మన ప్రాంతానికి ప్రత్యేకమైన చిక్కు ఒకటుంది. దుబాయ్ నుంచో, సౌదీ నుంచో నాన్న పంపిన ఫోన్లో గూగుల్ ఖాతా ఎవరిది? కొన్నిచోట్ల నాన్నది, కొన్నిచోట్ల మొబైల్ షాపు అబ్బాయి అప్పటికప్పుడు తయారుచేసి ఇచ్చినది. పాస్‌వర్డ్ ఎక్కడా రాసి ఉండదు. కోడ్ వచ్చే నంబర్ ఎప్పుడో వదిలేసిన గల్ఫ్ సిమ్ అయి ఉంటుంది. సిరిసిల్లలో సాంచాల పనికి పోయే ఇంట్లోనూ ఇంతే, ఇంటికంతా ఒకటే ఫోన్, ఒకటే ఖాతా. ఇలాంటి ఫోన్‌ను ఆటమీద కోపంతో బటన్లు నొక్కి రీసెట్ చేస్తే, ఆండ్రాయిడ్ 5.1 నుంచి ఉన్న రక్షణ వల్ల అది పాత గూగుల్ ఖాతా పాస్‌వర్డ్ అడిగి కూర్చుంటుంది. ఆట కంపెనీ దగ్గర భద్రంగా ఉంటుంది, ఇంటి ఫోన్ మాత్రం పనికిరాకుండా పోతుంది. ఏది తీసేసే ముందైనా ఖాతా మెయిల్, పాస్‌వర్డ్, అందులో ఉన్న ఫోన్ నంబర్ ఈ మూడూ ఒకసారి చూసి సరిచేసుకోండి.

వయసు లెక్క కూడా ఇక్కడే వస్తుంది. 2022 జూలైలో స్టోర్ల నుంచి మాయమైన బీజీఎంఐ 2023 మే 29న తిరిగొచ్చినప్పుడు 18 ఏళ్లలోపు వాళ్లకు రోజుకు 3 గంటలు, పెద్దలకు 6 గంటలు అని పరిమితి పెట్టారు. నాన్న వయసు మీద నడిచే ఖాతాకు వర్తించేది రెండోది. పూర్తిగా మాన్పించడం కుదరని ఇంట్లో, పాత ఖాతా మూసి పిల్లాడి నిజమైన వయసుతో కొత్తది తెరవడం అన్నిటికన్నా మంచి మార్గమని నేను నమ్ముతాను. లెవల్ 1 నుంచి మొదలుపెట్టడం పిల్లాడికి కష్టమే. కానీ ఆ కష్టానికి ఇంట్లో అందరూ ఒప్పుకుని చేస్తే, దొంగచాటుగా తీసేసినదానికన్నా ఎక్కువ నిలుస్తుంది.

డబ్బు సంగతి. యాప్ తీసేస్తే నెలవారీ చందా ఆగదు. ప్లే స్టోర్‌లో ‘సబ్‌స్క్రిప్షన్స్’ తెరిచి విడిగా ఆపాలి, యూపీఐ యాప్‌లో ‘ఆటోపే’ కూడా చూడాలి. ఒకసారి అనుమతి ఇచ్చాక రూ. 15,000 దాకా మళ్లీ పిన్ అడగకుండానే పోవచ్చు, ఆ పరిమితిని 2022 జూన్‌లో రిజర్వ్ బ్యాంక్ రూ. 5,000 నుంచి పెంచింది. ఖాతా మూస్తే అందులో కొన్న నాణేలు, వజ్రాలు కూడా పోతాయని ముందే పిల్లాడికి చెప్పాలి.

చట్టం ఇప్పుడిప్పుడే మన పక్కకు వస్తోంది. 2023 ఆగస్టు నాటి డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం మన సమాచారాన్ని చెరిపేయమని అడిగే హక్కు ఇచ్చింది. దాని నిబంధనలు 2025 నవంబర్‌లో వచ్చాయి. దేశంలో 50 లక్షలు, అంతకుమించి వినియోగదారులున్న ఆన్‌లైన్ ఆటల సంస్థ, ఎవరైనా 3 ఏళ్లు అటువైపు రాకపోతే వాళ్ల వ్యక్తిగత డేటా తీసేయాలి, తీసేముందు 48 గంటల నోటీసు ఇవ్వాలి. ఇవి అమలు కావడానికి నిబంధనల్లో ఇచ్చిన వ్యవధి 18 నెలలు, అంటే 2027 మే.

అప్పటిదాకా ఆగనక్కర్లేదు. 2021 ఐటీ నిబంధనల కిందకు వచ్చే సంస్థకు ఫిర్యాదుల అధికారి ఉండాలి. ఫిర్యాదు అందినట్టు 24 గంటల్లో చెప్పాలి, 7 రోజుల్లో తేల్చాలి. ఆ అధికారి మెయిల్ ఆట వెబ్‌సైట్‌లో ప్రైవసీ పేజీ అడుగున వెతకండి. మీ మెయిల్‌లో ఆటలో కనిపించే పేరు, దాని కింద ఉండే అంకెల ఐడీ, దేనితో లాగిన్ అయ్యేవాళ్లు అనేది, పిల్లాడికి 18 నిండకపోతే ఆ సంగతీ రాయండి. పాస్‌వర్డ్, ఓటీపీ మాత్రం ఎవరడిగినా ఇవ్వొద్దు. ఖాతా మూసినట్టు జవాబు వచ్చాక ఆటను ఇంకో ఫోన్లో ఎక్కించి అదే లాగిన్‌తో తెరిచి చూడండి. కొత్త పేరు పెట్టుకోమని అడిగితే పని పూర్తయినట్టు, పాత పేరు పలకరిస్తే 7 రోజులు నిండిన తేదీ వేసి మళ్లీ రాయండి.