మంచు అంచుకు సరుకుల ఓడ

అంటార్కిటికాలో మన 'మైత్రి' స్థావరం 1989 నుంచి పనిచేస్తోంది. చలికాలమంతా అక్కడ పాతికమంది దాకా ఉంటారు. వేసవిలో విమానాలు మనుషుల్నీ కొద్దిపాటి సామానునూ తెస్తాయిగాని, టన్నులకొద్దీ సరుకును మోయవలసింది ఓడే. అదీ ఏడాదికి ఒక్కసారి. మార్చి దాటిందా, సముద్రం గడ్డకట్టి దారి మూసుకుంటుంది. పక్కింట్లో అడిగి తెచ్చుకోవచ్చుగదా అంటారా? నాలుగైదు కిలోమీటర్లలో రష్యా స్థావరం ఉన్నమాట నిజమే. కాని వాళ్ళకూ ఓడే గతి!

1981లో మన మొదటి యాత్ర గోవా నుంచి 'పోలార్ సర్కిల్' అనే నార్వే ఓడలో బయలుదేరింది. తరువాతి కాలంలో కేప్‌టౌన్ నుంచి వెళ్ళడం అలవాటయింది. నలభై డిగ్రీల దక్షిణ అక్షాంశం దాటాక పడమటి గాలికి అడ్డొచ్చే నేల దాదాపు లేదు. అలలు కొండల్లా లేస్తాయి. మంచుకోసం గుండ్రంగా కట్టిన ఓడ అడుగు ఇక్కడ ఉయ్యాలలా ఊగుతుంది.

ఓడ మంచును కత్తిలా కోస్తుందని చాలామంది అనుకుంటారు. నిజానికి ముక్కును మంచుపైకి ఎక్కించి, తన బరువుతో కుంగదీస్తుంది. మంచు నొక్కుడుకు బాగా ఓర్చుకుంటుంది గాని వంపుకు ఓర్చుకోలేదు, విరిగిపోతుంది.

అక్కడ రేవంటూ లేదు. నీటిమీద తేలే మంచుపలక అంచున ఓడను నిలిపి, క్రేనుతో సరుకును ఆ పలకమీదికి దింపుతారు. అంచు ఎప్పుడు విరుగుతుందో తెలియదు, అందుచేత సరుకును అక్కడే వదిలేయరాదు. గొలుసుచక్రాల బండ్లకు స్లెడ్జీలు కట్టి, మంచుపగుళ్ళను తప్పించుకుంటూ వంద కిలోమీటర్ల దూరాన మైత్రికి లాక్కుపోవాలి.

ఇందులో ప్రాణమైన సరుకు తిండి కాదు, ఇంధనం. మంచినీరు పక్కనున్న ప్రియదర్శిని సరస్సులోదే. అయినా పంపు తిరగాలన్నా, గొట్టంలో నీరు గడ్డకట్టకుండా ఉండాలన్నా జనరేటరు ఆడాలి. మామూలు డీజిలు ఆ చలికి మైనంలా పేరుకుంటుంది. కాబట్టి చలికి తట్టుకునే ఇంధనమే తీసుకువెళ్ళాలి.

తిరుగుప్రయాణంలోనూ ఓడ ఖాళీగా రాదు. 1991 మాడ్రిడ్ ఒడంబడిక ప్రకారం చెత్తను వెనక్కి తేవాలి.

ఆలస్యమైతే ఏమవుతుందో 2002 జూన్‌లో తెలిసింది. రష్యన్ పరిశోధకులతో తిరిగివస్తున్న 'మాగ్దలేనా ఓల్డెన్‌డార్ఫ్' అనే జర్మన్ ఓడ 107 మందితో మంచులో చిక్కుకుపోయింది. దక్షిణాఫ్రికా ఓడ 'అగుల్హాస్' దగ్గరగా వచ్చి, హెలికాప్టర్లతో చాలామందిని తరలించింది. ఓడ మాత్రం కొద్దిమంది సిబ్బందితో ఆ చలికాలం అక్కడే గడపవలసి వచ్చింది.