రేవుపట్టణపు నటీమణి హైది కాబెల్

ఇంటిలో తల్లి పలుకునది యొక భాషయు, బడిలో పంతులు నేర్పునది మరియొక భాషయు నైనప్పుడు, పెద్దభాష యెదుట చిన్నభాష సిగ్గుపడి వంటయింటిలో దాగుకొనుట లోకమున తరచుగా జరుగుచుండును. అట్లు దాగిన భాషను రంగస్థలమున నిలిపి, అరువదియారేండ్లు దానిని సేవించిన యొక జర్మను నటీమణి చరిత్రమును మీకు విన్నవింప దలచితిమి.

హైది కాబెల్ 1914వ సంవత్సరము ఆగస్టు 27వ తేదీన ఎల్బానదీతీరమందలి హాంబుర్గు రేవుపట్టణమున జన్మించెను. తండ్రి ముద్రాక్షరశాల నడుపువాడు. ఆ ప్రాంతపు నావికులును, బెస్తలును, రైతులును మాటలాడునది ప్లాట్ అను దిగువ జర్మను భాష. పూర్వము హన్సా వర్తకుల యోడలు బాల్టిక్ సముద్రమున దిరిగిన కాలమున నిదియే బేరసారముల భాష. పిమ్మట కచేరీలలోను, బడులలోను, చర్చీలలోను ఉన్నత జర్మను ప్రవేశించుటచే ప్లాట్ పామరుల మాటయని తక్కువ చేయబడెను.

పిమ్మట ఈ భాషయందు నాటకము లాడిన యొక సమాజమును రిచర్డు ఓన్సోర్గు అను విద్వాంసుడు 1902లో స్థాపించెను. 1932లో నా సమాజమువారు నటులను పరీక్షించుచుండగా, హైది స్నేహితురాలికి తోడుగా మాత్రమే వెళ్లి, తానే యెన్నికయయ్యెను. 1937లో తోడి నటుడగు హాన్స్ మాలరును వివాహమాడి, ముగ్గురు బిడ్డలను పెంచుచు నటన మానకుండెను. కుమార్తెయగు హైది మాలరు సైతము తల్లి మార్గముననే నటి యయ్యెను.

ఆమెకు కీర్తి దెచ్చినవి రాణుల వేషములు గావు. నోరుగల యిల్లాండ్రు, ఇరుగుపొరుగుల గుట్టు లాగు అమ్మలక్కలు ఆమె పాత్రలు. 1966లో టెలివిజనులో ప్రదర్శింపబడిన 'మేడమెట్లమీద ముచ్చట్లు' అను ప్రహసనమున మేటా బోల్ట్ అను చాడీలమారి వేషము ధరించి దేశమునంతయు నవ్వించెను. అట్టి యిల్లాలు ప్రతి వీధియందును గలదు గదా!

అయితే ఇచ్చట నొక చిక్కు కలదు. 1954 మొదలు ఈ సమాజపు నాటకములు టెలివిజనులో రా నారంభించెను. దేశమందలి తక్కినవారికి ప్లాట్ తెలియదు. అందుచే ఆ ప్రసారములలో ఉన్నత జర్మనునే తీరప్రాంతపు యాసతో పలికిరి. అసలు ప్లాట్ హాంబుర్గు రంగస్థలమునకే పరిమితమయ్యెను. కీర్తి దేశమంతట వ్యాపించెను. భాషమాత్రము ఇల్లు కదలలేదు. దీనిని లాభమందుమా, నష్టమందుమా? యాస విని మెచ్చినవారిలో కొందరైనను మూలమును వెదకుదురని మా యాశ. కాని ఇంట బిడ్డలతో పలుకువారు లేనిచో నే నటియు భాషను బ్రదికింపజాలదు.

ఆమె 1979లో ఆత్మకథ ప్రకటించెను. అన్నిసారులు నవ్వుటకే కాదను భావము దాని పేరునందే కలదు. 1998 డిసెంబరు 31వ తేదీన రంగస్థలమునుండి సెలవు గైకొనెను. మరునాడే, అనగా 1999 జనవరి 1వ తేదీన, ప్రాంతీయభాషలను రక్షించు ఐరోపా ఒడంబడిక జర్మనీలో అమలునకు వచ్చెను. ప్లాట్ అందు చేరియున్నది. 2010 జూను 15వ తేదీన, తొంబదియైదేండ్ల ప్రాయమున ఆమె దివంగతురాలయ్యెను. 2011లో నాటకశాల క్రొత్తచోటికి మారగా, దాని ముంగిటి చౌకమునకు ఆమె పేరే పెట్టిరి.

సోదరీమణులారా! మీ యత్తగారు, అమ్మమ్మగారు పలుకు ఊరిమాటలను విని పిల్లలు నవ్వినచో, వారిని మందలింపకుడు. ఆ మాటకు అర్థము చెప్పి, వారిచేతను పలికింపుడు.