గంటల లెక్క చాలదు, పనితనం చూడాలి

ధనుర్మాసంలో కృష్ణా డెల్టాను పొగమంచు కమ్మేసిన ఉదయాల్లో, గన్నవరం రావలసిన విమానాలు గాల్లో చక్కర్లు కొట్టడం, ఒక్కోసారి హైదరాబాదుకు మళ్లిపోవడం విజయవాడ ప్రయాణికులకు కొత్త కాదు. దించాలా, మళ్లీ పైకి లేపాలా అన్నది పైలట్ క్షణాల్లో తేల్చుకోవాలి. మన దేశంలో కమర్షియల్ పైలట్ లైసెన్సుకు 200 గంటలు ఎగరాలి. ఆ లెక్క అవసరమే. కానీ ఎన్ని గంటలు ఎగిరారో చెబుతుందే తప్ప, గడ్డు సమయంలో ఏం చేయగలరో చెప్పదు.

ఇందుకు మంగళూరు ప్రమాదమే సాక్ష్యం. 2010 మే 22న దుబాయ్ నుంచి వచ్చిన ఎయిర్ ఇండియా ఎక్స్‌ప్రెస్ విమానం రన్‌వే దాటి లోయలో పడి 158 మంది చనిపోయారు. కెప్టెన్‌కు 10 వేల గంటలకు పైగా అనుభవం ఉంది. విమానం ఉండవలసినదానికన్నా ఎత్తులో వస్తోందని గుర్తించిన కో-పైలట్, దిగొద్దు, పైకి లేపుదామని మూడుసార్లు చెప్పినా కెప్టెన్ దించడానికే మొగ్గారని దర్యాప్తు తేల్చింది. అక్కడ కొరవడింది అనుభవం కాదు. పరిస్థితిని సరిగా అంచనా వేయడం, తోటివారి మాట చెవిన పెట్టడం.

అంతర్జాతీయ పౌర విమానయాన సంస్థ ముందుకు తెచ్చిన సామర్థ్య ఆధారిత శిక్షణ ఈ లోటు మీదే దృష్టి పెడుతుంది. జ్ఞానం, నైపుణ్యం, వైఖరి కలిస్తేనే సామర్థ్యం అంటుంది. ఒక్కో సామర్థ్యాన్నీ కంటికి కనిపించే ప్రవర్తనలుగా విడగొడుతుంది. ఉదాహరణకు, సిమ్యులేటర్‌లో శిక్షకుడు విమానం మరీ ఎత్తులో, మరీ వేగంగా దిగే పరిస్థితి కల్పిస్తాడు. కో-పైలట్ అది గమనించాడా, స్పష్టంగా చెప్పాడా, తన మాట కెప్టెన్‌కు అర్థమైందని నిర్ధారించుకున్నాడా అని చూస్తాడు. ఎక్కడ తడబడితే అక్కడే మళ్లీ శిక్షణ ఇస్తాడు. ఇదే పద్ధతి ఎయిర్ ట్రాఫిక్ కంట్రోలర్లకూ మెకానిక్కులకూ వర్తిస్తుంది. విమానం నేల మీదున్నప్పుడూ ఈ సామర్థ్యాలు అవసరమే. 2021 ఫిబ్రవరి 20న దోహా నుంచి గన్నవరం వచ్చిన విమానం క్షేమంగా దిగాక, నేల మీద నడుస్తూ రెక్కతో స్తంభాన్ని ఢీకొంది. ప్రయాణికులకు ఏమీ కాలేదు గానీ, భద్రత రన్‌వేతో ముగిసిపోదని ఆ ఘటన చెబుతోంది.

పరీక్ష మార్కుల్లో పక్షపాతానికి చోటుండదు, ప్రవర్తనను తూచే శిక్షకుడు తన ఇష్టానికి తూచడా అని కొందరి అభ్యంతరం. అది కొట్టిపారేయదగింది కాదు. అందుకే ప్రమాణాలు ముందే రాసిపెట్టాలి, ఒకే ప్రదర్శనను వేర్వేరు శిక్షకులు ఒకేలా తూచేలా వారికీ తర్ఫీదు ఇవ్వాలి. గంటలను తీసేయమని ఎవరూ అనడం లేదు. అవి కనీస అర్హతగా ఉండాల్సిందే. పిల్లల్ని పైలట్ శిక్షణకు పంపే తల్లిదండ్రులు ఎన్ని గంటలు ఎగరనిస్తారని అడగడంతో ఆగకూడదు. ఏం నేర్పుతారు, నేర్చుకున్నారని ఎలా తేలుస్తారని కూడా అడగాలి.