ఫోను మారినను ఆట నిలుచునా?

మధ్యాహ్నము అందఱి భోజనములు ముగిసి, వంటయిల్లు సర్ది తలుపు చేరవేసిన పిమ్మట గృహిణికి దొరకు అరగంటకాలము మిక్కిలి విలువైనది. పూర్వమా యరగంట వామనగుంటల పీటతోను, అష్టాచెమ్మ గవ్వలతోను గడచెడిది. పులిజూదపు గీతలు నేటికిని మన ప్రాంతపు గుడిమంటపముల బండలమీద అక్కడక్కడ కానవచ్చుచునే యున్నవి. ఇప్పుడా గవ్వలు, గీతలు, చింతగింజలు అన్నియు చేతిలోని ఫోనులోనికి వచ్చి చేరినవి. 2016లో వెలువడిన లూడో కింగ్ అను మనదేశపు ఆట, 2020లో కరోనా కారణమున ఇండ్లలో కూర్చుండిన దినములలో ఎన్ని కుటుంబములకు కాలక్షేపమైనదో సోదరీమణు లెఱుగుదురు.

అయితే పాత ఆటకును కొత్త ఆటకును ఒక ముఖ్యమైన భేదము కలదు. వైకుంఠపాళిలో పాము మ్రింగినను, నిచ్చెన యెక్కినను, ఆనాటి ఆట ఆనాటితో ముగియును. పటము చుట్టి అటకపై నుంచిన పిమ్మట ఎవరును ఎన్నవ గడిలో నుండిరను ప్రశ్న లేదు. ఫోనులోని ఆట అట్లు కాదు. అది నెలలు, సంవత్సరములు సాగును. నేడు చేరిన మెట్టు రేపటికి మిగులును. క్యాండీ క్రష్ వంటి ఆటలో దినమునకు రెండు మూడు మెట్లు చొప్పున ఎక్కుచు వేలకొలది మెట్లు దాటిన గృహిణులు మనలో కలరు. అట్టివారికి ఒకనాడు కొత్త ఫోను వచ్చును. దానిలో ఆ యాటనే తెఱచి చూతురు. ఆట వారిని మొదటి మెట్టుమీద నిలువబెట్టును!

ఇది పిల్లలాటకు సంబంధించిన స్వల్పవిషయమని కొందఱు నవ్వవచ్చును. మే మట్లు తలంపము. ఆ మెట్లలో కాలమున్నది. కొన్నియెడల ఇంటిసొమ్ము ఉన్నది. అంతకు మించి, పోయిన ఆటను తిరిగి తెచ్చెదమని చెప్పి రహస్యసంఖ్యల నడిగి మోసగించువా రున్నారు. కావున ఫోను మార్చుకొనుటకు ముందే దీని మర్మము తెలిసికొని యుండుట ఉచితము.

ఫోనులలో ప్రధానముగా రెండు జాతులు. ఆపిలువారి ఐఫోను ఒకటి. గూగులువారి ఆండ్రాయిడుతో నడచు తక్కినవి రెండవ జాతి. ఈ రెంటితోను మన సీమకు చుట్టరికమున్నది. 2015 ఆగస్టులో షావోమీ సంస్థ భారతదేశమున తయారైన తన మొదటి ఫోను రెడ్‌మీ 2 ప్రైమును విశాఖపట్నమున విడుదల చేసినది. అది కూర్పబడినది శ్రీసిటీలోని ఫాక్స్‌కాను కర్మాగారములో. శ్రీసిటీ నాడు చిత్తూరు జిల్లాలో నుండెను. 2022 ఏప్రిలులో జిల్లాల పునర్విభజన జరిగిన పిమ్మట తిరుపతి జిల్లాలో చేరినది. ఆ ఫోనులను కూర్చినవారిలో అధికులు చుట్టుప్రక్కల పల్లెలనుండి వచ్చిన యువతులే. ఇక ఐఫోనులను కూర్చు ఫాక్స్‌కాను కర్మాగారము శ్రీరామానుజుల జన్మస్థలమైన శ్రీపెరుంబుదూరు దగ్గఱ నున్నది. రెండు చోట్లకును నడుమ దూరము నూఱు కిలోమీటర్లలోపే. కాని యీ రెండు జాతుల ఫోనుల నడుమ ఆటకు గల దూరము మాత్రము ఒక్కొక్కప్పుడు దాటరానిదగుచున్నది.

ఏలయన, ఆపిలువారు, గూగులువారు ఇరువురును 2008లో తమతమ అంగడులు తెఱచిరి. ఒక అంగడిలో తెచ్చుకొన్న ఆట రెండవ అంగడివారి ఫోనులో నడువదు. పేరొకటే యైనను, బొమ్మ లొకటే యైనను, లోపలి నిర్మాణము వేఱు. ఆటను కొత్తగా దింపుకొనుట సులభము. మనము అందులో సాధించినదానిని తెచ్చుకొనుటయే కష్టము. ఆపిలువారు 2015లో మూవ్ టు ఐఓఎస్ అను సాధనమును వెలువరించిరి. అది ఆండ్రాయిడునుండి పేర్లను, ఫోను నంబర్లను, సందేశములను, ఛాయాచిత్రములను ఐఫోనునకు తరలించును. ఆటలోని మెట్లను తరలింపదు. వాట్సాపు సంభాషణలు సైతము ఆండ్రాయిడునుండి ఐఫోనునకు చేరుటకు 2022వ సంవత్సరము రావలసి వచ్చినది.

ఆటలో మన ప్రగతి ఎక్కడ దాగియుండునో తెలిసినచో తక్కిన దంతయు సుబోధకమగును. తిరుమలకు కాలినడకన పోవు యాత్రికులను తలచుకొనుడు. అలిపిరివద్ద తమ సంచులను దేవస్థానమువారి కౌంటరులో నప్పగించి, చీటి పుచ్చుకొని, 3,550 మెట్లెక్కి, కొండపైన ఆ చీటి చూపి సంచులను తిరిగి తీసికొందురు. సంచిని తామే మోసికొనిపోవువారు నుందురు. ఆటయందును ఇట్టి భేదమే కలదు.

మొదటి విధము, సంచి మన భుజముమీదనే యుండుట. కొన్ని ఆటలు మన మెట్లను ఫోనులోనే వ్రాసికొనును. ఇంటర్నెట్టు లేకున్నను ఆడుకొనగల చిన్న ఆటలు పెక్కులు ఇట్టివి. ఫోను పోయినచో ఆటయు పోవును. జాతి మారినచో తరలించుట కుపాయము సాధారణముగా నుండదు.

రెండవ విధము, సంచిని ఫోనుజాతివారి కౌంటరులో నుంచుట. ఆండ్రాయిడులో గూగుల్ ప్లే గేమ్సు, ఐఫోనులో ఐక్లౌడు, గేమ్ సెంటరు అనునవి యిట్టివి. ఒక ఆండ్రాయిడునుండి మఱియొక ఆండ్రాయిడునకు, ఒక ఐఫోనునుండి మఱియొక ఐఫోనునకు మారువారి కివి చాలును. కాని గేమ్ సెంటరు ఆండ్రాయిడులో లేదు. ప్లే గేమ్సు ఖాతా ఐఫోనులో చెల్లదు. ఒక కౌంటరు చీటి మఱియొక కౌంటరులో చెల్లదు గదా!

మూడవ విధము, ఆటను చేసిన సంస్థవారే తమ కౌంటరులో సంచి నుంచుకొని, మన పేర చీటి యిచ్చుట. ఆ చీటియే ఖాతా. ఈమెయిలుతోనో, ఫేస్‌బుక్కుతోనో, గూగులు ఖాతాతోనో, ఆ సంస్థవారి సొంత గుర్తింపుతోనో దానిని ముడివేయవచ్చును. ఈ చీటి గలవారు ఏ జాతి ఫోనునకు పోయినను తమ సంచి తమకు దక్కును.

ఇక ఏ చీటియు పుచ్చుకొనక సంచి నప్పగించువారు కలరు. ఆట తెఱచునప్పుడు ‘గెస్టు’ అను మాట నొత్తి ఆడ నారంభించువారే వీరు. తొందరలో నదే సులువుగా తోచును. మనలో ననేకు లట్లే చేయుదురు. కాని ఫోను మారిననాడు ఆ సంచి ఫలానా వారిదని చెప్పుట కాధార ముండదు.

ఈ భేదము ఎంతటి ఫలమునిచ్చునో రెండుదృష్టాంతములవలన తెలియగలదు. ఫిన్లండు దేశపు సూపర్‌సెల్ సంస్థవారి క్లాష్ ఆఫ్ క్లాన్స్ అను ఆట 2012లో ఆపిలు పరికరములకు, 2013లో ఆండ్రాయిడునకు వచ్చెను. జాతి మారువారి యిబ్బంది గమనించి ఆ సంస్థవారు 2017లో సూపర్‌సెల్ ఐడీ అను తమ సొంత గుర్తింపును నెలకొల్పిరి. ఈమెయిలునకు వచ్చు సంఖ్యను నమోదు చేసినంతనే ఏ ఫోనులోనైనను పాత గ్రామము ప్రత్యక్షమగును.

రెండవది మన దేశములో జరిగినది. 2020 సెప్టెంబరు 2వ తేదీన కేంద్రప్రభుత్వము నిషేధించిన 118 యాపులలో పబ్‌జీ మొబైల్ ఒకటి. పిదప 2021 జూలైలో బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అను పేర దానివంటి ఆటయే క్రాఫ్టాన్ సంస్థవారిచే ఆండ్రాయిడులోను, ఆగస్టులో ఐఫోనులోను విడుదలయ్యెను. పాత ఆటను ఫేస్‌బుక్కు, ట్విట్టరు ఖాతాలతో ముడివేసికొన్నవారు తమ సంపాదనను కొత్త ఆటలోనికి తరలించుకొనగలిగిరి. అదియును కొంత గడువులోపలనే. గెస్టులుగా నాడినవారు మొదటికి రావలసినవారైరి. ఎన్నో యిండ్లలో కుఱ్ఱవాండ్రు ఆనాడు పడిన దుఃఖమునకు కారణము పెద్దలకు తెలియనే లేదు.

కావున ఫోను మార్చుకొనువారు ఈ క్రమము ననుసరింపవలెను. పాత ఫోను చేతిలో నుండగనే ఆటను తెఱచి, సెట్టింగులలో ఖాతాను ముడివేయు స్థానమును వెదకవలెను. రెండు జాతులలోను పనిచేయు ఖాతానే ఎన్నుకొనవలెను. ఐఫోనులో ఆపిలు గుర్తింపుతో ప్రవేశించువారు ఈమెయిలును దాచు ఏర్పాటు నెన్నుకొనినచో, ఆటవారివద్ద మఱియొక ఈమెయిలు నమోదగును. ఆ సంగతి మఱువరాదు. పిమ్మట సెట్టింగులలో కనబడు ఆటగాని గుర్తింపుసంఖ్యను, చేరిన మెట్టును పద్దుపుస్తకములో వ్రాసికొనవలెను. సొమ్ము చెల్లించియుండినచో రసీదులున్న ఈమెయిళ్లను తుడిచివేయరాదు.

తరువాత కొత్త ఫోనులో ఆటను దింపుకొని, ఆరంభములోనే ఆ ఖాతాతో ప్రవేశింపవలెను. రెండు ప్రగతులలో దేని నుంచవలెనని ఆట యడిగినచో తొందరపడక, మెట్ల సంఖ్యను చూచి పాతదానినే ఎన్నుకొనవలెను. ఇక్కడ చేయిజాఱినచో పాతది చెఱగిపోవచ్చును. కొత్త ఫోనులో ఆట సరిగా కనబడి, ఒకటి రెండు దినములు ఆడి చూచుకొన్న పిదపనే పాత ఫోనును తుడిచి ఇతరుల కియ్యవలెను. పాతఫోను నిచ్చివేసిన మఱునాడు ఆటకొఱకు వెదకుట చేతులు కాలిన పిదప ఆకులు పట్టుకొనుట వంటిది. అప్పటికిని దారి పూర్తిగా మూసికొనదు. ఆటలోని సహాయవిభాగమునకు గుర్తింపుసంఖ్యతోను, రసీదులతోను వ్రాసినచో కొన్ని సంస్థలు తిరిగి యిప్పించును.

అన్నియు తరలివచ్చునని మాత్ర మాశింపరాదు. కొన్ని ఆటలలో మెట్లు వచ్చును గాని, సొమ్ముతో కొన్న వజ్రములు, నాణెములు కొన్న జాతి ఫోనులోనే నిలిచిపోవును. నెలసరి చందాలు ఆ యంగడి ఖాతానుండియే వసూలగుచుండును. కావున జాతి మారునప్పుడు పాత యంగడిలోని చందాను రద్దు చేసికొనవలెను. లేనిచో ఆడని ఆటకు సొమ్ము పోవుచునే యుండును.

మోసగాండ్ర విషయమున ఒక్క మాట గట్టిగా చెప్పుచున్నాము. మీ ఫోనునకు వచ్చు ఓటీపీని ఆటను తెచ్చిపెట్టుదుమను ఎవరికిని చెప్పరాదు. పాత ఖాతాను తెప్పింతుమని సొమ్మడుగువారిని, ఎక్కువ మెట్లున్న ఖాతాను అమ్ముదుమనువారిని దరిజేరనీయరాదు. ఒక ఖాతా తాళపుచెవి పెక్కుయెడల ఈమెయిలునకును, దానిద్వారా బ్యాంకునకును దారి చూపును. మఱియొకటి, మేము చెప్పుచున్నది కాలక్షేపపు ఆటలను గూర్చియే. సొమ్ము పందెముగా నొడ్డు ఆన్‌లైను ఆటలను మన రాష్ట్రము 2020లోనే నిషేధించినది. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టము దేశమంతటికిని నిషేధమును విధించినది. అట్టివానిలో మిగిలిన సొమ్మును తరలింతుమని వచ్చు కబురులను నమ్మకుడు.

తుదకు మన గృహములకు సంబంధించిన సంగతి యొకటి. పెక్కు కుటుంబములలో కొత్తఫోను భర్తకో కుమారునికో వచ్చును. వారి పాతది ఇల్లాలికి దక్కును. లేదా బెంగుళూరులోనో అమెరికాలోనో ఉన్న బిడ్డ ప్రేమతో ఐఫోను పంపును. ఏవిధమైనను జాతి మార్పు ఆమె కోరి తెచ్చుకొన్నది కాదు. పైగా ఆమె ఫోనులోని ఖాతా తఱచుగా మఱియొకరి పేరనో, ఇతరుల ఈమెయిలుతోనో ఉండును. కుమారుని ఫేస్‌బుక్కుతో ముడివేసిన తల్లి ఆట, అతడు ఆ ఖాతాను మూసిననాడు మూతపడును. ఖాతా ఎవరిదో ఆట వారిదే.

అందుచే ప్రతి గృహిణియు తన పేర నొక ఈమెయిలు ఖాతాను ఏర్పఱచుకొని, దాని తాళపుమాటను తానే జ్ఞాపకముంచుకొని, తన ఆటలను దానితోనే ముడివేసికొనవలెను. ఈమెయిలు తెఱచుట తెలియనివారు పిల్లల నడిగి చేయించుకొనవచ్చును. కాని ప్రక్కన కూర్చుండి చూడవలెను, తాళపుమాటను తమ చేతితోనే నమోదు చేయవలెను. ఇందుకు ఒక సాయంకాలము చాలును. ఆట నెపమున నేర్చిన యీ పని ఆటతో నాగదు. మనుమల ఛాయాచిత్రములు, పుట్టింటివారి నంబర్లు, బ్యాంకు వ్యవహారములు అన్నియు ఇట్టి ఖాతాల నాశ్రయించియే యున్నవి. నేటి సాయంకాలమే ఫోను తెఱచి, మీ ఆట గెస్టుపేర నున్నదో, మీపేర నున్నదో ముందుగా చూచుకొనుడు.