పట్టుబడ్డ బండి తిరిగి వచ్చేదెట్లా?

మన నరసాపురంలో ఒక ఆటో కొని, దాన్ని అద్దెకు తిప్పుకుంటూ సంసారం ఈదుకొచ్చే కుటుంబాలు చాలా ఉన్నాయి. ఆ బండి ఒకనాడు సారా డబ్బాలతోనో, యానాం సీసాలతోనో ఎక్సైజు వారికి దొరికిందనుకోండి. డ్రైవరు నాలుగు రోజులు అటూ ఇటూగా బెయిలు మీద బయటికొస్తాడు. బండి మాత్రం రాదు. ఫైనాన్సు కంపెనీ వాడు వాయిదా కోసం గుమ్మంలో నిలబడే ఉంటాడు.

యానాం మాట ఎందుకంటే, సఖినేటిపల్లి రేవు దాటి అమలాపురం మీదుగా పోతే అది ఎంతో దూరం కాదు. 1954 దాకా ఫ్రెంచివారిది, తరువాత పుదుచ్చేరిలో భాగం. మద్యం రాష్ట్రాల జాబితాలోని విషయం కనుక అక్కడి చట్టం అక్కడిది, ఇక్కడి చట్టం ఇక్కడిది. అక్కడ దర్జాగా బిల్లు పుచ్చుకుని కొన్నదే, అనుమతి లేకుండా హద్దు దాటిస్తే ఇక్కడ కేసు. మనకున్నవి ముఖ్యంగా రెండు చట్టాలు: 1968 నాటి ఎక్సైజు చట్టం, 1995 నాటి మద్యనిషేధ చట్టం. 1997లో నిషేధం సడలినా ఆ రెండో చట్టం పోలేదు.

ఇక్కడ ఒక తేడా గమనించాలి. బండిని పట్టుకోవడం వేరు, జప్తు చేయడం వేరు. పట్టుకున్నంత మాత్రాన అది సర్కారుదైపోదు, యజమానిదే. జప్తు చేయాలంటే యజమానికి నోటీసు ఇవ్వాలి, అతని మాట వినాలి. "నా బండిలో ఇలాంటి పని జరుగుతుందని అనుకోవడానికి నాకు కారణమే లేదు" అని అతను రుజువు చేసుకోవచ్చు. కిరాయికిచ్చిన వాడికి పనికొచ్చే మాట ఇదే. బెల్లం బండి సంగతీ ఇంతే. బెల్లం మోయడం నేరం కాదు, సారా కాచడానికని చూపగలగాలి.

ఈలోగా బండి ఎక్కడుండాలి? స్టేషను ఆవరణలో ఎండకు ఎండి, వానకు తడిసి, మన సముద్రపు గాలికి తుప్పు పట్టి. కేసు కొట్టేసేనాటికి చక్రాలుంటే బ్యాటరీ ఉండదు! సుప్రీంకోర్టు 2002లో సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో ఈ సంగతే గట్టిగా పట్టించుకుంది. గుజరాత్‌లో స్టేషనులో దాచిన సొత్తును పోలీసులే మార్చేశారన్న ఆరోపణ మీద వచ్చిన కేసది. వాహనాలను ఏళ్ల తరబడి స్టేషన్లలో ఉంచి లాభం లేదు, పంచనామా రాసి, ఫొటోలు తీసి, తగిన పూచీకత్తు మీద వెంటనే ఇచ్చేయమంది. 2010లో మన రాష్ట్ర ప్రభుత్వం ప్రతివాదిగా ఉన్న బీమా కంపెనీల కేసులోనూ అదే దారి చూపింది.

అప్పట్లో మేజిస్ట్రేటుకు ఈ అధికారం క్రిమినల్ ప్రొసీజర్ కోడు 451, 457 సెక్షన్లు ఇచ్చేవి. 2024 జూలై 1 నుంచి వాటి స్థానంలో నాగరిక్ సురక్షా సంహిత 497, 503 వచ్చాయి. సొత్తు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో వివరాల పట్టిక తయారు కావాలనీ, ఆపైన 30 రోజుల్లో దాని సంగతి తేల్చాలనీ కొత్తగా గడువు పెట్టారు.

అసలు చిక్కు ఎక్సైజు డిప్యూటీ కమిషనరు దగ్గర. ఆయనకు విడిగా జప్తు అధికారం ఉంది, క్రిమినల్ కేసు తేలేదాకా ఆగనక్కర్లేదు. "జప్తు కార్యక్రమం ఆయన ముందుంది, కోర్టు కలగజేసుకోరాదు" అని డిపార్టుమెంటు వాదన. దీని మీద హైకోర్టు దాకా ఎన్నో కేసులు నడిచాయి. కాబట్టి నోటీసు అందగానే జవాబివ్వకుండా ఊరుకోవడం కంటే పొరపాటు లేదు. జప్తు ఉత్తర్వు పడ్డాక అప్పీళ్లంటూ తిరగడం ఆటో యజమానికి అయ్యే పనా?

పిటిషనుతో ఆర్.సి. బుక్కు, ఇన్సూరెన్సు కాగితాలు జతచేయాలి. బండి ఇచ్చినా ఉట్టినే ఇవ్వరు. విలువకు తగిన బాండు, జామీనుదారులు, కేసు తేలేదాకా అమ్మననీ, రంగూ రూపూ మార్చననీ, పిలిచినప్పుడు తెచ్చి చూపిస్తాననీ హామీ. ఆపైన కాపీ తీసుకుని స్టేషనుకు పోతే, మామూలుగా ముందు వెతుక్కోవలసింది తాళంచెవి.